నియామకం చెల్లుతుందా?

ప్రభుత్వ ఉద్యోగ నియామకం చెల్లుబాటుపై వ్యాజ్యం వచ్చినప్పుడు కోర్టులు ప్రధానంగా పరిశీలించేది, మంజూరైన పోస్టుకు బహిరంగ ప్రకటన, పోటీ జరిగాయా అన్నదే. 2006 ఏప్రిల్ 10న ఉమాదేవి కేసులో సుప్రీంకోర్టు దొడ్డిదారి నియామకాలను క్రమబద్ధం చేయరాదంటూనే, అర్హత కలిగి, మంజూరైన పోస్టుల్లో కోర్టు ఉత్తర్వుల అండ లేకుండా పదేళ్లు లేదా అంతకంటే ఎక్కువ కాలం పనిచేసినవారికి, అంటే పద్ధతిలో మాత్రమే లోపమున్న ‘క్రమరహిత’ నియామకాలకు, ఒక్కసారికి మినహాయింపునిచ్చింది. ఏళ్ల తరబడి చాకిరీ చేయించుకున్న యాజమాన్యాలే ఆ తీర్పును అడ్డుపెట్టుకోవడం అన్యాయం. కేంద్ర జల సంఘంలో ఊడ్చి శుభ్రం చేసిన కార్మికుల కేసులో 2024 డిసెంబరులో సుప్రీంకోర్టు ఆ మాటే చెప్పి, వారి క్రమబద్ధీకరణకు ఆదేశించింది. బహిరంగ పోటీకీ షరతులుంటాయి: తమిళనాడులోని అంచెట్టి ప్రాంతపు తెలుగు అభ్యర్థులకు కూడా, ఆ రాష్ట్ర ప్రభుత్వ 2021 డిసెంబరు ఉత్తర్వు ప్రకారం, నియామక పరీక్షల తమిళ పేపర్‌లో కనీసం 40 శాతం మార్కులు తప్పనిసరి. దరఖాస్తుకు ముందే ప్రకటనలోని షరతులన్నీ చదివి, దాని ప్రతిని భద్రపరచుకోవాలి.