స్టీరింగ్ ముట్టుకోని నాయకుడు

మన బ్రాంచ్‌లో ఫార్ములా వన్ ఫ్యాన్స్‌కి కొదవ లేదు. నాస్కార్ అంటే మాత్రం చాలామందికి చిన్నప్పుడు చూసిన 'కార్స్' సినిమా ఒక్కటే గుర్తొస్తుంది. ఆ సినిమా చివరి రేసులో డాక్ హడ్సన్ అనే పాత కారు హెడ్‌సెట్ పెట్టుకుని, రేడియోలో మెక్వీన్‌కి ఏం చేయాలో చెప్తుంది కదా? ఆ పని చేసేవాళ్లని క్రూ చీఫ్ అంటారు. గెలిస్తే ఫొటోలో ముందుండేది డ్రైవరే. ఓడితే "ఎందుకలా చేశారు?" అనే ప్రశ్న వెళ్లేది మాత్రం క్రూ చీఫ్ దగ్గరికి. ఆ ఉద్యోగం ఏంటో, అందులోకి ఎలా వస్తారో చూద్దాం.

బీచ్ మీద మొదలైన ఆట

స్టాక్ కార్ అంటే మొదట్లో షోరూమ్‌లో అమ్మే మామూలు కారే. అలాంటి కార్లతో రేసులు నడపడానికి అమెరికాలోని డేటోనా బీచ్‌లో 1948లో నాస్కార్ సంస్థ ఏర్పడింది. అక్కడ 1958 దాకా రేసులు నిజంగానే సముద్రపు ఇసుక మీద జరిగాయి. మన మైపాడు బీచ్‌లో సగం ల్యాప్ ఇసుక మీద, సగం ల్యాప్ పక్కన రోడ్డు మీద అనుకోండి, అలాగన్నమాట. 1959లో పెద్ద ట్రాక్ కట్టారు. ఇప్పటి కార్లు పైకి షోరూమ్ మోడల్‌లా కనిపిస్తాయి గానీ, లోపలంతా రేసు కోసమే తయారైనవి.

అసలు పనేంటి?

రేసుకి ముందు కారు సెటప్ బాధ్యత క్రూ చీఫ్‌ది. స్ప్రింగులు, టైర్ ప్రెషర్, బరువు ఏ చక్రం మీద ఎంత పడాలి, ఇవన్నీ ట్రాక్‌ని బట్టి మారతాయి. రేసు మొదలయ్యాక డ్రైవర్ రేడియోలో రెండు మాటలు ఎక్కువగా వాడతాడు: "టైట్", "లూజ్". స్టీరింగ్ తిప్పినా ముందు భాగం తిరగకపోతే టైట్. వెనక భాగం జారిపోతుంటే లూజ్. ఆ ఒక్క మాట విని, తర్వాతి పిట్ స్టాప్‌లో ఏం మార్చాలో క్రూ చీఫ్ నిర్ణయించాలి. కారు నడిపేది ఒకరు, దాని ప్రాబ్లం అర్థం చేసుకోవాల్సింది ఇంకొకరు. యూజర్ చెప్పిన రెండు ముక్కలతో బగ్ కనిపెట్టడం లాంటిదే ఇది. కాకపోతే ఇక్కడ సిస్టమ్ గంటకి 300 కిలోమీటర్ల స్పీడులో ఉంటుంది.

పిట్ స్టాప్‌లో ఐదుగురు గోడ దూకి వచ్చి నాలుగు టైర్లు మార్చి, పెట్రోలు పోస్తారు. మొత్తం సుమారు పది సెకన్లు. 2022కి ముందు ఒక్కో చక్రానికి ఐదు నట్లు ఉండేవి, ఇప్పుడు ఒక్కటే.

అన్నిటికన్నా కష్టమైన ఘట్టం

ఇంకో పది ల్యాప్‌లే ఉన్నాయి. ఎక్కడో యాక్సిడెంట్ అయి పసుపు జెండా ఊపారు. మన కారు ఫస్ట్ ప్లేసులో ఉంది. లోపలికి పిలిచి కొత్త టైర్లు వేస్తే స్పీడు పెరుగుతుంది, ప్లేసు పోవచ్చు. పిలవకపోతే ప్లేసు ఉంటుంది, కొత్త టైర్లు వేసుకున్నవాళ్లు వెనకనుంచి వచ్చి దాటేయొచ్చు. అసలు చిక్కేంటంటే, ముందున్నవాడే ముందు తేల్చుకోవాలి. వెనకున్నవాడు అది చూసి దానికి రివర్స్ చేయొచ్చు. గేమ్ థియరీ చదివినవాళ్లకి ఇది బాగా అర్థమవుతుంది.

మన తీరంలో రొయ్యల గుంటలున్నవాళ్లకీ అర్థమవుతుంది. పక్క గుంటలో వైట్ స్పాట్ వచ్చిందని తెలిస్తే ఇవాళే పట్టుబడి చేయాలా, ఇంకో వారం ఆగాలా? ఇవాళ పడితే రొయ్య చిన్నది, రేటు తక్కువ. ఆగితే సైజు పెరగొచ్చు, లేదా గుంట మొత్తం పోవచ్చు. ల్యాబ్ రిపోర్టు సాయం చేస్తుంది గానీ, ఆ రాత్రి నిద్రపట్టనిది రైతుకే.

ఎవరు క్రూ చీఫ్ అవుతారు?

పాత తరంలో ఇది కుటుంబం, గ్యారేజీ నేర్పిన విద్య. డేల్ ఇన్‌మన్ తన కజిన్ రిచర్డ్ పెటీతో ఏడు, 1984లో టెర్రీ లబాంటీతో ఒకటి, మొత్తం ఎనిమిది ఛాంపియన్‌షిప్‌లు గెలిచాడు. 1990ల్లో రే ఎవర్‌నమ్ పిట్ స్టాప్‌ని క్రీడాకారుల ట్రైనింగ్‌లా మార్చి, జెఫ్ గోర్డన్‌తో మూడు టైటిళ్లు సాధించాడు. అదే టీమ్‌లో టైర్లు మార్చిన కుర్రాడు చాడ్ నాస్, తర్వాత క్రూ చీఫ్‌గా జిమ్మీ జాన్సన్‌తో ఏడు గెలిచాడు.

ఆ తర్వాత ఇంజినీర్లు వచ్చారు. 2006 డేటోనా 500కి ముందు, కారు వెనక అద్దం దగ్గర రూల్ దాటారని నాస్‌ని పంపించేశారు. ఆయన సీట్లో కూర్చున్నది డేరియన్ గ్రబ్, వర్జీనియా టెక్‌లో మెకానికల్ చదివినవాడు. ఆ రేసు జాన్సనే గెలిచాడు. 2017లో ఛాంపియన్ అయిన క్రూ చీఫ్ కోల్ పెర్న్ కూడా కెనడాలోని వాటర్లూ యూనివర్సిటీ ఇంజినీరే.

గ్లామర్ వెనక

ఇదే గ్రబ్ 2011లో టోనీ స్టీవర్ట్‌ని ఛాంపియన్ చేశాడు. సీజన్ అయ్యాక ఉద్యోగం ఉండదని ఆయనకి అప్పటికే చెప్పేశారు! 2022లో రేసు మధ్యలో చక్రం ఊడిపోతే క్రూ చీఫ్‌కి నాలుగు రేసుల నిషేధం. నట్టు బిగించింది ఆయన చేతులు కాకపోయినా సరే. ఏడాదికి 36 పాయింట్ల రేసులు, ఫిబ్రవరి నుంచి నవంబరు దాకా ప్రయాణాలే. పెర్న్ 2019 తర్వాత కుటుంబం కోసం ఈ పని వదిలేశాడు.

మనకేంటి?

మన దేశంలో నాస్కార్ లాంటి సిరీస్ లేదు. కానీ రేసింగ్ మనకి మరీ దూరమూ కాదు. నెల్లూరు నుంచి చెన్నై హైవే పట్టుకుంటే దారిలో వచ్చే షోలవరంలో, పాత ఎయిర్‌స్ట్రిప్ మీద ఏళ్ల తరబడి రేసులు జరిగాయి. ఇప్పుడు చెన్నై అవతల ఇరుంగాట్టుకోట్టైలో ట్రాక్ ఉంది. 2023 ఫిబ్రవరిలో హుస్సేన్ సాగర్ పక్కన ఫార్ములా ఈ జరిగింది. స్టూడెంట్స్‌కి ఫార్ములా భారత్, బాహా పోటీలున్నాయి. కారు మనమే డిజైన్ చేసి, కట్టి, నడపాలి. అక్కడ మెకానికల్ వాళ్లే కాదు, సెన్సర్ డేటా చదివే మనలాంటివాళ్లూ కావాలి.

నన్ను ఈ ఉద్యోగం పట్టి లాగింది కూడా అక్కడే. పెద్ద టీమ్‌లకి ఇవాళ సిమ్యులేషన్లు ఉన్నాయి. "ఇప్పుడు పిట్‌కి వస్తే గెలిచే ఛాన్స్ ఇంత" అని సాఫ్ట్‌వేర్ లెక్క వేస్తుంది. అలాంటి సాఫ్ట్‌వేర్ రాయడం మనం నేర్చుకుంటున్నాం. కానీ 55 శాతం అని స్క్రీన్ మీద కనిపించినప్పుడు, రేడియో బటన్ నొక్కి "లోపలికి రా" అనేది ఒక మనిషి. మిగతా 45 శాతం జరిగితే సంజాయిషీ చెప్పేది కూడా ఆ మనిషే. ఆ రెండో భాగం మన సిలబస్‌లో లేదు. కాలేజ్ ఫెస్ట్ అయినా, ప్రాజెక్ట్ టీమ్ అయినా, ఈసారి ఎవరైనా "డిసైడ్ చేసేదెవరు?" అని అడిగితే వెంటనే తల దించుకోకండి. ప్రాక్టీస్ అక్కడే మొదలవుతుంది.