వక్ఫ్ భూముల తగాదాలు – మనం తెలుసుకోవలసినది



మన గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూల్ పల్లెల్లో పీర్ల చావడి లేని ఊరు అరుదు. మొహర్రం వస్తే కులమతాల తేడా లేకుండా అందరం అలాయి ఆడతాం. అలంపురంలో జోగుళాంబ గుడికి దగ్గరలోనే షా అలీ పహిల్వాన్ దర్గా ఉంది. ఇలాంటి దర్గాలకు, మసీదులకు, ఆశుర్‌ఖానాలకు దీపధూపాల కోసం, బీదలకు అన్నం పెట్టడం కోసం పూర్వం భూములు ఇచ్చేవారు. ఆ భూముల మీద తగాదాలు ఎందుకు వస్తాయో, వాటితో మన ఇళ్ళకు ఏం సంబంధమో ఈ వ్యాసంలో చూద్దాం.

వక్ఫ్ అంటే ఆస్తిని దైవకార్యానికి, ధర్మానికి శాశ్వతంగా అంకితం చేయడం. దాన్ని చూసుకునే ముతవల్లి నిర్వాహకుడే గాని యజమాని కాడు. అమ్మే హక్కు అతనికి లేదు. ఒకసారి వక్ఫ్ అయితే ఎప్పటికీ వక్ఫేనని, మధ్యలో ఎవరికో పట్టా ఇచ్చినంత మాత్రాన అది రద్దు కాదని ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్ళిన సయ్యద్ అలీ కేసులో 1998లో సుప్రీంకోర్టు చెప్పింది.

అయితే అసలు ఆ భూమి వక్ఫ్ అయిందా లేదా అన్నది ముందు తేలాలి. చిక్కంతా అక్కడే. గద్వాల, వనపర్తి సంస్థానాలు నిజాం రాజ్యంలో ఉండేవి. ఆ కాలంలో కొందరికి జాగీరు ఇచ్చారు, అంటే ఊరి శిస్తు వసూలు చేసుకునే హక్కు. కొందరికి ఇనాం ఇచ్చారు, అంటే శిస్తు మాఫీ చేసిన భూమి. 1949లో జాగీర్లు రద్దయ్యాయి. ఇనాంల రద్దుకు 1955లో చట్టం వచ్చింది. సాగుదారులకు ఆర్‌డీఓ ఓ.ఆర్.సి. ఇచ్చే పద్ధతి దానిదే. మతసంస్థల ఇనాం అయితే ఆ పత్రం సంస్థకే దక్కాలని తర్వాత సవరించారు.

ఈ తేడా ఎంత పెద్దదో మణికొండ కేసు చెబుతుంది. హైదరాబాదు పక్కన హజ్రత్ హుస్సేన్ షా వలీ దర్గా ఉంది. 1989 గెజిట్‌లో దాని ఆస్తి 5,506 చదరపు గజాలని వేశారు. 2006లో సవరణ ప్రకటన ఇచ్చి 1,654 ఎకరాల 32 గుంటలు చేర్చారు. అప్పటికే ప్రభుత్వం అందులో చాలా భూమిని సంస్థలకు, కంపెనీలకు ఇచ్చేసింది. ట్రిబ్యునల్, హైకోర్టు వక్ఫ్ బోర్డు వైపు నిలిచాయి. 2022 ఫిబ్రవరి 7న సుప్రీంకోర్టు ఆ సవరణ ప్రకటనను కొట్టివేసింది. జాగీరు రద్దుతో భూమి ప్రభుత్వానికి చేరిందని, దర్గాకు దక్కేది దానికి బదులుగా ఇచ్చే సొమ్మేనని తీర్పు చెప్పింది. పదహారేళ్ళ వ్యాజ్యం చివరికి పాత కాగితాల అర్థం మీదే తేలింది.

మన పల్లెల్లో తగాదా వేల ఎకరాల మీద కాదు, ఎకరం రెండెకరాల మీద వస్తుంది. తాత కౌలుకు చేశాడు, తండ్రి సాదా బైనామా మీద కొన్నాడు, కొడుకు రిజిస్ట్రేషన్‌కు పోతే ఆ సర్వే నంబరు నిషేధిత జాబితాలో ఉందంటారు. బ్యాంకులో అప్పు పుట్టదు. అమ్మినవాడు ఎప్పుడో పోయాడు. రెండో వైపు చూస్తే, భూమి చేయిజారిన మసీదులో దీపానికి నూనె ఉండదు, ముజావర్ కూలికి పోతాడు. మాకు తోచినంతలో ఇద్దరూ బీదవాళ్ళే. లాభపడేది అమ్మరాని భూమిని అమ్మి వెళ్ళిపోయినవాడు.

2025లో వక్ఫ్ చట్టాన్ని సవరించారు. పోయిన వక్ఫ్ ఆస్తి కోసం దావాకు ఇదివరకు కాలపరిమితి లేదు. సవరణ ఆ మినహాయింపును తీసేసింది. ప్రభుత్వ భూమా వక్ఫ్ భూమా అన్నది కలెక్టరు స్థాయికి పైబడిన అధికారి తేల్చే నిబంధన కూడా పెట్టారు. దానిని, మరికొన్నింటిని సుప్రీంకోర్టు 2025 సెప్టెంబరు 15న మధ్యంతర ఉత్తర్వుతో నిలిపివేసింది.

మరి మనం చేయవలసిందేమిటి? కొనేముందు, కౌలుకు పట్టేముందు నాలుగు చూడాలి: 1954–55 ఖాస్రా పహాణీలో ఎవరి పేరుంది, సేత్వార్‌లో ఇనాం అని ఉందా, వక్ఫ్ గెజిట్‌లో సర్వే నంబరు ఉందా, రిజిస్ట్రేషన్ నిషేధిత జాబితాలో ఉందా. తగాదా ఉంటే వక్ఫ్ ట్రిబ్యునల్ ఉంది, అది హైదరాబాదులో ఉంది. అంత దూరం తిరగలేకే చాలామంది రాజీ పడతారు.

ఓడినవాడు కోర్టులో ఏడిస్తే గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడ్చాడని మన పెద్దలంటారు. మా ఇళ్ళల్లో పహాణీ చదవగలిగిన మొదటి తరం మేమే. అమ్మానాన్నలు వేలిముద్ర వేసిన కాగితంలో ఏముందో వారికి ఎవరూ చదివి చెప్పలేదు. సెలవులకు ఊరికి పోయిన తమ్ముళ్ళూ చెల్లెళ్ళూ ఇంట్లో ట్రంకుపెట్టె తెరిచి ఆ కాగితాలు ఒకసారి చదవండి. పొరుగు మసీదు ముజావర్ అడిగితే ఆయన కాగితాలూ చదివి పెట్టండి. మీలో కొందరు లా చదవాలని, ఒకరిద్దరైనా ఉర్దూ లిపి నేర్చుకోవాలని మా కోరిక.