బందరు పేటల పేర్లు: ఒక అధ్యయనయాత్ర

అనంతపురపు పీఠభూమిలో పుట్టి పెరిగినవారికి సముద్రమనగా ప్రబంధవర్ణనలలోని సముద్రమే. సంవత్సరమునకు సుమారు 550 మిల్లీమీటర్ల వాన మాత్రమే పడు సీమ యిది. ఆంధ్రప్రదేశమున ఇంతకంటె తక్కువ వర్షము కురియు ప్రాంతము లేదు. ఇట్టి సీమనుండి కొందఱు పరిశోధక విద్యార్థులను వెంటబెట్టుకొని మేము మచిలీపట్టణమునకు అధ్యయనయాత్ర పోయితిమి. మొదటి పూట ముగియకముందే విద్యార్థులలో ఒకరు, ఇచట చూడదగినది ఏమి కలదని మమ్ము అడిగిరి. పెనుగొండలో గగనమహలును, గుత్తిలో దుర్గమును, లేపాక్షిలో నందిని చూచిన కన్నులకు, ఉప్పుగాలికి పెచ్చులూడిన బందరు కోటగోడలు ఆనకపోవుట సహజమే. ఆ ప్రశ్నకు రెండు దినములు వీథుల వెంబడి నడచుచు మేమిచ్చిన సమాధానమును కొంత క్రమపఱచి యిచట వ్రాయుచున్నాము. మాకు దారి చూపినవారు ఆ యూరి విశ్రాంత ఉపాధ్యాయులొకరు. ఈ వ్యాసమున మంచి యేమైన ఉన్నచో అందు సగము వారిది.

రేవుపట్టణములకు రాతికట్టడములతో పొత్తు తక్కువ. 1652లో ఇచట దిగిన ఫ్రెంచి రత్నవర్తకుడు టావెర్నియే, ఈ యూరి యిండ్లు కొయ్యతో కట్టినవనియు, ఊరు చక్కనిది కాదనియు వ్రాసెను. అయినను బంగాళాఖాతమున ఓడ నిలుపుటకు ఇంతకంటె మంచి తావు లేదని వెంటనే ఒప్పుకొనెను. పెగూ, సయాము, ఆరకాను, సుమత్రా, హోర్ముజు, మక్కా దిక్కులకు ఓడలు పోవు రేవని పేర్కొనెను. కొయ్య యిండ్లకు ఉప్పెన కనికరము చూపదు. 1864 నవంబరు 1వ తేది రాత్రి వచ్చిన ఉప్పెనలో సుమారు 30 వేలమంది చనిపోయిరి. కావున ఇచట కంటికి కనబడునది కొంచెము, చెవికి వినబడునది ఎక్కువ. తెలుగుశాఖ వారికి ఇది యొక విధముగ అనుకూలమే.

మొదట ఊరి పేరే తీసికొందము. 'బందరు' పారసీకపదము, రేవు అని యర్థము. 'బందరు రేవు' అనునపుడు మనము రేవును రెండుమార్లు చెప్పుచున్నాము. ఒకప్పుడు కోటద్వారమునకు పెద్దచేప కన్ను పొదిగియుండెననియు, అందుచేత 'మచిలీ' పట్టణమైనదనియు ఊరిలో ఒక కథ కలదు. క్రీస్తుశకము మొదటి శతాబ్దినాటి గ్రీకు నౌకాయానగ్రంథమగు 'పెరిప్లస్' ఈ తీరమును 'మసలియా' యని పేర్కొన్నది. తరువాతి శతాబ్దమున టాలెమీ 'మైసోలియా' యనినాడు. పాతపేరు పోలిక చెవిలో నిలిచియుండగా, హిందుస్తానీ వచ్చినవారు దానికి చేప యర్థము కట్టిరని మాకు తోచుచున్నది. ఇదే గ్రీకు పేరునుండి 'మస్లిను' అను వస్త్రనామము పుట్టినదని కొందఱు ఉత్సాహముతో చెప్పుదురు. అది ఇరాకులోని మోసూలు పట్టణమునుండి వచ్చినదని నిఘంటుకారులు చెప్పుట మాకు సమంజసముగ నున్నది. మన యూరికి గౌరవము కలిగించు వ్యుత్పత్తిని రెండింతలు శంకించుట పరిశోధకునకు మేలు.

ఇక పేటలు. వలందపాలెము అను పేరు వినగానే ఒక విద్యార్థి, వలలు వేయువారి పాలెమని వ్రాసికొనెను. సముద్రతీరమున ఇంతకంటె సహజమైన ఊహ లేదు. కాని అది సరికాదు. 'వలందాలు' అనగా హాలెండు దేశీయులు. పోర్చుగీసువారు ఆ దేశనామమున హకారమును పలుకక 'ఒలాంద' అందురు. వారి నోట విన్న పేరే తెలుగున వలందా అయినది. అనగా డచ్చివారిని మనము వారి పేరుతో కాక, వారి ప్రత్యర్థులు పెట్టిన పేరుతో పిలిచితిమి. వారు గోలకొండ సుల్తాను అనుమతితో 1605–06లో ఈ తీరమున వర్తకశాల పెట్టిరి. 1824 నాటి ఒప్పందమువలన భారతదేశమునందలి వారి స్థావరములు ఇంగ్లీషువారి పాలైనవి. ఒప్పందము జరిగి రెండువందల యేండ్లు దాటినను పేట పేరు మాత్రము ఎవరికిని ఒప్పగింపబడలేదు.

పరాసుపేట విషయమున మఱియొక విద్యార్థి పార్శీలను తలచెను. పాత తెలుగున 'పరాసులు' అనగా ఫ్రెంచివారు. బొబ్బిలి కథ చదివినవారు ఈ మాట నెఱుగుదురు. ఈ ఫ్రెంచివారి రాక కథలో ఒక విశేషము కలదు. 1669లో గోలకొండ సుల్తానునొద్ద వారికి ఫర్మానా సంపాదించినవాడు ఫ్రెంచివాడు కాడు. అతడు ఇస్ఫహానునుండి వచ్చి ఫ్రెంచి కంపెనీ కొలువున చేరిన మర్కారా అను ఆర్మీనియనుడు. ఫ్రెంచివారి పక్షమున ఒక ఆర్మీనియనుడు పారసీక సంస్కృతి గల తురుష్కవంశపు సుల్తానుతో, తెలుగుగడ్డపై రేవును గూర్చి మాటలాడెనన్నమాట! 1750లో ఫ్రెంచివారు పట్టణమును వశపఱచుకొనిరి. 1759 ఏప్రిలులో కర్నల్ ఫోర్డు దానిని ఇంగ్లీషువారికి గెలిచి యిచ్చెను. అయినను వారి చిన్న లోజి యొకటి మిగిలి, 1947 అక్టోబరులో గాని భారతదేశమున కలియలేదు. ఇంగ్లీషుపాలెమునకు వివరణ అక్కఱలేదు. ఇంగ్లీషు కంపెనీ 1611లో ఇచట వర్తకశాల పెట్టిన నాటికి మద్రాసు కోట ఇంకను పుట్టలేదు.

ఈ పేర్ల నిర్మాణమును గమనింపవలెను. పూర్వపదము పరదేశి, ఉత్తరపదము తెలుగు. వలంద-పాలెము, పరాసు-పేట, ఇంగ్లీషు-పాలెము, రాబర్ట్సన్-పేట. సమాసమున ప్రధానస్థానము ఉత్తరపదమునకే కదా. వచ్చినవారు ఎవరైనను తెలుగు పాలెములో విశేషణములుగా ఇమిడిపోయిరి. లాక్షణికులు సంస్కృతాంధ్రపదముల అక్రమ కలయికకు 'వైరిసమాసము' అని పేరు పెట్టిరి. డచ్చి, ఫ్రెంచి, ఇంగ్లీషు కంపెనీల నడిమి సఖ్యము ఎఱిగినవారు ఆ పేరును ఇచట వేఱొక యర్థమున వాడుకొనవచ్చును.

రేవులో వినబడు మాటలకు వత్తము. సరంగు, లంగరు పారసీకమునుండి వచ్చినవి, ఖలాసి అరబ్బీనుండి. 'చుక్కాని' అచ్చతెలుగని మాలో అందఱును తలచిరి. దానికిని అరబ్బీ 'సుక్కాను'తో సంబంధము కలదు. ఓడ, తెడ్డు, తెరచాప మనవే. పోర్చుగీసునుండి పీపా, మేస్త్రి, ఇస్త్రీ, తువ్వాలు, అలమార, బొత్తాము వచ్చినవి. వీనిలో ఏది బందరులో దిగినదో, ఏది గోవానుండియో శాంతోమునుండియో నడచి వచ్చినదో తేది వేసి చెప్పరాదు. అట్లు చెప్పిన వ్యాసములను మేము చూచితిమి, అనుసరింపము. మాకు ముఖ్యముగ తోచినది వేఱొకటి. లంగరు, సరంగు మా విద్యార్థులకు పుస్తకములలోని మాటలు. మేస్త్రి, ఇస్త్రీ, తువ్వాలు మాత్రము మా కరువుపల్లెలలో చదువురాని అవ్వలు సైతము వాడు మాటలు. సముద్రపు మాటలు ఒడ్డున ఆగినవి. ఇంటి మాటలు, పని మాటలు పీఠభూమి ఎక్కినవి. ఒక రేవు ప్రభావము లోనాటికి ఎంత పాకినదో తెలిసికొనుటకు మన మాండలిక పరిశీలకులు పట్టుకొనదగిన దారము ఇది.

రెండవనాడు పెడనకు పోయి కలంకారీ పనిని చూచితిమి. గుడ్డను కరక్కాయ కషాయమునను పాలలోను ముంచి యారవేయుదురు. తుప్పుపట్టిన ఇనుమును బెల్లపు నీటిలో ఊరవేసి తీసిన ద్రవముతో నల్లగీతను, పటిక నీటితో ఎఱ్ఱరంగు పట్టవలసిన తావును, చెక్కిన కొయ్య అచ్చులతో అద్దుదురు. అద్దినపుడు పటిక కంటికి సరిగా కనబడదు. తరువాత రంగునీటిలో కాచినపుడే ఎఱుపు పొడసూపును. ఒకనాడు ఆ ఎఱుపు ఈ తీరపు ఇసుకనేలలలో పెరుగు చిరివేరునుండి వచ్చెడిది. శ్రీకాళహస్తిలో కలముతో వ్రాయుదురు; ఇచట అచ్చుతో అద్దుదురు. అయినను రెండింటికిని 'కలంకారీ' యనియే పేరు.

పేరు పారసీకము కావున కళయు పారసీకమని కొందఱి వాదము. ఇచట లేపాక్షిని తలచుకొనవలసియున్నది. అచ్యుతదేవరాయల కాలమున, 1529–42 నడుమ, విరూపణ్ణ సోదరులు పోషించిన ఆ ఆలయపు కప్పుచిత్రములలో స్త్రీపురుషులు కట్టిన వస్త్రములపై పూవులు, గళ్ళు, హంసలు, అంచుల వరుసలు అసంఖ్యాకములు. డచ్చి ఓడ ఈ తీరమున లంగరు దించుటకు అది మూడు తరములకు పూర్వము. వానిలో నేసినది ఏది, అద్దినది ఏది అని చిత్రమునుబట్టి నిర్ణయించుట కష్టమేగాని, నమూనాల సంపద మాత్రము అప్పటికే మన చేతిలో ఉండెను. పరదేశి వర్తకులు తెచ్చినది కళను కాదు. గిరాకీని, దానితోపాటు కొన్ని క్రొత్త తీగలను, ఒక పేరును. 'అద్దకము', 'చీటి' అను మాటలు మనకు ఉండనే ఉన్నవి. పారసీకమునకు ఒక తీరు, జావాకు ఒక తీరు, ఐరోపాకు ఒక తీరు అని అద్దకమువారు గిరాకీనిబట్టి నమూనా మార్చిరి. ఈ గుడ్డల తాకిడికి ఓర్వలేక ఫ్రాన్సు 1686లో వానిని నిషేధించెను. ఇంగ్లండు 1700లోను 1721లోను శాసనములు చేసెను. ఫ్రాన్సు ఆ నిషేధమును తొలగించినది 1759లో. బందరును పోగొట్టుకొన్నదియు ఆ యేడే.

డచ్చివారి శ్మశానవాటికను కేంద్ర పురావస్తుశాఖ రక్షించుచున్నది. పదునేడవ శతాబ్దినాటి సమాధిఫలకములపై వంశచిహ్నములు, పేర్లు, తేదులు లోతుగ చెక్కబడియున్నవి. సెయింట్ మేరీ చర్చివద్ద మా మార్గదర్శి, ప్రియురాలి సమాధిపై ఆలయము కట్టించిన సేనాని కథను చెప్పిరి. విద్యార్థులు మిగిలిన వానికంటె దానినే శ్రద్ధతో వినిరని ఒప్పుకొనవలెను. కాని డచ్చి సమాధులవద్ద నిలిచినపుడు మమ్ము బాధించినది వేఱు. ఎవరికొఱకై ఈ ఫలకములవారు ఇంతదూరము వచ్చిరో, ఆ గుడ్డ నేసినవారికి, అద్దినవారికి, చలువచేసినవారికి ఒక్క రాయి లేదు. 1630–32 నాటి మహాక్షామము గుజరాతునేకాక ఈ తీరమును గూడ కాల్చెను. నేతగాండ్రలోను చలువచేయువారిలోను అధికభాగము మరణించిరని ఆనాటి ఇంగ్లీషు కంపెనీ లేఖలలో వార్త వచ్చెను. వర్తకులకు అది సరకు ఆలస్యమగుటకు కారణము. 1876–78 నాటి ధాతకరువు కథలు తాతలనోట విన్నవారు మాలో పలువురు కలరు. అంతవఱకు ఆ రేవును పరాయిదానినిగా చూచినవారు అచట కొంతసేపు మాటలాడలేదు.

రేవునకును మా సీమకును బంధము ఇంతటితో తీరలేదు. తీరపు మగ్గములకు వలయు ప్రత్తిలో చాలభాగము దక్కను లోనాటినుండి లంబాడీల ఎద్దుల బిడారులపై దిగెడిది. వారి తండాలు నేటికిని మా జిల్లాలో కలవు. మఱియు మీర్ జుమ్లా! పారసీకదేశపు అర్దిస్తానునుండి వర్తకుని కొలువులో గోలకొండకు వచ్చిన ఈ మీర్ మహమ్మదు సయ్యదు, 1630ల దశకమున బందరును పాలించి, సొంత ఓడలు నడపి, ఐశ్వర్యము కూడబెట్టెను. ఆ ధనబలమే సైన్యబలమై, 1650లో పెమ్మసాని వారినుండి గండికోటను గైకొనెను. 1652లో టావెర్నియే బందరులో దిగి, సుల్తానునకు అమ్మదలచిన రత్నములను ముందుగా మీర్ జుమ్లాకు చూపుటకై గండికోట వఱకు పోయెను. రాయలసీమ సంస్థానముల పతనమును దండయాత్రల చరిత్రగా మాత్రమే బోధించుచున్నాము. ఆ ఫిరంగుల వెనుక బందరు సుంకములును ఓడసరకును ఉన్నవని పాఠములలో చేర్పవలసియున్నది.

సాయంకాలము మంగినపూడి ఒడ్డున కూర్చుంటిమి. 2023 మే నెలలో పనులు మొదలైన క్రొత్త రేవును గూర్చి మా మార్గదర్శి చెప్పుచు, మాటల మధ్య విద్యార్థులను చూచి, మీ సీమలో నీళ్ళు దాటుటకు ఏమి వాడుదురని అడిగిరి. నీళ్ళుండినకదా యని ఒకరు నవ్విరి. తుంగభద్ర దాపున చుట్టములున్న విద్యార్థిని యొకతె, బుట్టవలె అల్లి తోలు కప్పిన హరిగోలును వర్ణించి, దానిని తిప్పు తీరును ఇసుకలో గీచి చూపెను. ఆ మాటను కావ్యములలో చదివితినేగాని ఒకరి నోట వినుట ఇదే మొదటిసారి యని వారు జేబులోని చిన్నపుస్తకము తీసి వ్రాసికొనిరి.