ముందే డబ్బు కట్టిన భోజనం: నిజంగా మిగిలేదెంత?

సెలవులు దగ్గరపడగానే మన ఇళ్లలో ఒక చర్చ మొదలవుతుంది. ఈసారి పిల్లలను మంగినపూడి సముద్రతీరానికి తీసుకువెళ్లి సరిపెట్టుకోవాలా, లేక హైదరాబాదు దాకా వెళ్లి పెద్ద వినోద పార్కు చూపించాలా? బందరు, గుడివాడ, కూచిపూడి, చల్లపల్లి, అవనిగడ్డ ప్రాంతాల కుటుంబాలకు ఈ రెండో కోరిక ఇప్పుడు అందనిదేమీ కాదు. బందరు నుంచి బయలుదేరే 65వ నంబరు జాతీయ రహదారి పామర్రు, విజయవాడ, సూర్యాపేటల మీదుగా సాగి, హైదరాబాదు చేరకముందే రామోజీ ఫిల్మ్ సిటీని తాకుతుంది. 1996లో ఏర్పడిన ఆ ఫిల్మ్ సిటీ అయినా, 2016లో రావిర్యాల వద్ద ప్రారంభమైన వండర్‌లా అయినా, మన డెల్టా నుంచి రాత్రి బయలుదేరితే తెల్లవారేసరికి చేరుకోగల దూరంలోనే ఉన్నాయి.

ప్రయాణ ఖర్చు, టికెట్టు ఖర్చు మనం జాగ్రత్తగానే లెక్కవేసుకుంటాం. చిక్కంతా ఆ తర్వాత వస్తుంది. ఫోనులో టికెట్లు కొనేటప్పుడు చివరన, భోజనం కూడా కలపమంటారా అన్న ప్రశ్న కనిపిస్తుంది. లోపల ధరలు ఎక్కువగా ఉంటాయని అందరూ విన్నదే గనుక, ముందే కట్టేస్తే ఎంతో కొంత కలిసివస్తుందన్న నమ్మకంతో చాలామంది సరేనంటారు. ఆరుగురున్న కుటుంబంలో ఆ ఒక్క మాట విలువ రెండు వేల రూపాయలకు పైనే ఉండవచ్చు. అంత సొమ్ము ముడిపడిన నిర్ణయం గనుక దీనిని కొంచెం నిదానంగా పరిశీలిద్దాం.

ఖర్చు తప్పు కాదు, లెక్క లేకపోవటం తగదు

కుటుంబాన్ని సంతోషపెట్టటానికి చేసే ఖర్చును ఇస్లాం చిన్నచూపు చూడలేదు. మనిషి ఖర్చుచేసే దీనార్లలో ఎక్కువ పుణ్యం తెచ్చేది ఆలుబిడ్డల కోసం ఖర్చుచేసినదేనన్న భావం సహీహ్ ముస్లిం హదీసులో ఉంది. అదే సమయంలో, దుబారాకూ పిసినారితనానికీ నడుమ నిలకడగా ఉండేవారే కరుణామయుని దాసులని ఫుర్ఖాన్ సూరా 67వ ఆయతు వర్ణిస్తున్నది. కనుక మన ముందున్న ప్రశ్న వెళ్లాలా వద్దా అన్నది కాదు. కట్టే సొమ్ముకు తగిన ప్రతిఫలం మన కుటుంబానికి అందుతుందా అన్నదే అసలు ప్రశ్న.

దేనితో పోల్చాలి?

భోజన పథకాన్ని అమ్మేవారు ఒక పోలిక చూపిస్తారు. పథకంలో ఉన్న వంటకాలన్నీ విడివిడిగా కొంటే ఇంత అవుతుంది, మా వద్ద ఇంతకే వస్తుంది అంటారు. ఆ లెక్క అబద్ధం కాకపోవచ్చు. కానీ అది మన కుటుంబపు లెక్క కాదు. పథకం లేకపోతే మనం నిజంగా ఏమి కొని తినేవాళ్లమో, దాని ధరతో మాత్రమే పోల్చాలి. పథకం లేకుంటే కొననిది ఆదా లెక్కలోకి రాదు.

అర్థం కావటానికి ఒక ఊహా ఉదాహరణ తీసుకుందాం. ఇందులోని ధరలు ఏ పార్కువీ కావు. ఒక ఇంట్లో అమ్మీ, అబ్బా, దాదీ, 14 ఏళ్ల అబ్బాయి, 9, 5 ఏళ్ల ఇద్దరు చిన్నపిల్లలు ఉన్నారనుకుందాం. మధ్యాహ్న భోజనం, మిఠాయి, శీతల పానీయం, సాయంత్రపు చిరుతిండి, టీ కలిసిన పథకం పెద్దలకు 450 రూపాయలు, పిల్లలకు 300 రూపాయలు, పన్నులతో సహా. నలుగురు పెద్దలకు 1800, ఇద్దరు పిల్లలకు 600, మొత్తం 2400 రూపాయలు.

ఇప్పుడు అదే కుటుంబం విడిగా కొంటే ఏమి తింటుందో చూద్దాం. తల్లి, తండ్రి, పెద్దబ్బాయి తలా ఒక 250 రూపాయల భోజనం తీసుకుంటారు: 750. దాదీకి పెరుగన్నం చాలు: 120. చిన్నపిల్లలిద్దరూ కలిసి ఒక ఫ్రైడ్ రైస్ పూర్తిచేయటమే గొప్ప: 220. సాయంత్రం మూడు టీలకు 120, నాలుగు చిరుతిళ్లకు 320. వెరసి 1530 రూపాయలు. దానిపై హోటల్ భోజనానికి వర్తించే 5 శాతం జీఎస్టీ కలిపితే సుమారు 1607. అంటే పథకం కొన్నందువల్ల ఈ కుటుంబానికి 793 రూపాయలు నష్టమే తప్ప లాభం లేదు. కారణం స్పష్టం. దాదీ తినని భోజనానికీ, చిన్నపిల్లలు వదిలేసే రెండో పళ్లేనికీ కూడా పూర్తి ధర కట్టవలసి వచ్చింది.

అదే పథకాన్ని నలుగురు కాలేజీ యువకులు కొంటే? ఒక్కొక్కరు 300 రూపాయల భోజనం, 80 రూపాయల మిఠాయి, 60 రూపాయల పానీయం, 100 రూపాయల చిరుతిండి తీసుకునేవారైతే పన్నుతో 567 అవుతుంది. 450కే అది దొరికితే తలకు 117 రూపాయలు మిగిలినట్లే. అయితే ఆ మిఠాయి, పానీయం పథకంలో ఉన్నాయి గనుకనే తీసుకున్నారా, లేకున్నా కొనేవారా అన్నది వారు నిజాయితీగా చెప్పుకోవాలి. అవి తీసివేస్తే విడి ఖర్చు 420 రూపాయలే. అప్పుడు పథకం 30 రూపాయలు ఎక్కువ. అదే పథకం, అదే ధర. మనుషుల ఆకలిని బట్టీ, అలవాటును బట్టీ లాభం నష్టంగా మారిపోయింది.

మాంసం ఉన్న పథకం, మాంసం తినలేని మనం

మన ఇళ్లకు మరొక లెక్క ఉంది. అది ఇతరులకు ఉండదు. మాంసాహార పథకం ధరలో కోడికూర, బిర్యానీల ఖర్చే ప్రధాన భాగం. ఆ మాంసం హలాల్ అని రూఢి కాకపోతే మనం పప్పు, కూర, పెరుగుతో సరిపెట్టుకుంటాం. అప్పుడు మాంసాహారపు ధర కట్టి శాకాహారం తిన్నట్లవుతుంది. హలాల్ స్పష్టం, హరామ్ స్పష్టం, నడుమ ఉన్న సందేహాస్పద విషయాలకు దూరంగా ఉండేవాడు తన ధర్మాన్నీ గౌరవాన్నీ కాపాడుకుంటాడన్న హదీసు మనకు తెలిసిందే. సందేహం కౌంటరు దగ్గర పళ్లెం పట్టుకున్నాక తీర్చుకునేది కాదు. డబ్బు కట్టకముందే తీర్చుకోవాలి.

ఫోనుచేసి అడిగేటప్పుడు హలాలేనా అని ఒక్క మాటతో వదిలేయకూడదు. మాంసం ఎవరి నుంచి వస్తుంది, ధ్రువపత్రం చూపగలరా, శాకాహారపు వేపుళ్లకూ మాంసపు వేపుళ్లకూ నూనె ఒకటేనా, గరిటెలు వేరువేరుగా ఉంటాయా అని అడగాలి. సూటిగా జవాబు రాకపోతే శాకాహార పథకం ధరనే మన లెక్కలో వేసుకోవాలి. శాకాహార పథకం విడిగా లేని చోట పథకం మానుకోవటమే చాలా సందర్భాల్లో చవక. పొట్లాలపై ఉండే ఆకుపచ్చ చుక్క శాకాహారమని మాత్రమే చెబుతుంది, హలాల్ గురించి ఏమీ చెప్పదన్న సంగతి కూడా పిల్లలకు నేర్పటం మంచిది.

కడుపునిండా ఎంతైనా: ఈ బేరం ధర్మసమ్మతమేనా?

బఫే భోజనంలో ధర ముందే తెలుస్తుంది, తినే పరిమాణం తెలియదు. దైవప్రవక్త (స) గరర్‌ను, అంటే ఏది ఎంత అందుతుందో తెలియని అనిశ్చిత బేరాన్ని నిషేధించారని సహీహ్ ముస్లింలో ఉంది. మరి బఫే సంగతేమిటని అడిగేవారున్నారు. ఈ విషయంలో పండితుల మధ్య చర్చ జరిగింది. అభ్యంతరం చెప్పినవారూ ఉన్నారు. అయితే స్వల్పమైన అనిశ్చితిని ధర్మశాస్త్రం మన్నిస్తుందనటానికి పూర్వపు పండితులు ఒక చక్కని దృష్టాంతం చూపారు. ప్రజా స్నానశాలలో రుసుము అందరికీ ఒకటే. ఒకరు తక్కువ నీళ్లు వాడతారు, మరొకరు ఎక్కువ వాడతారు, ఒకరు త్వరగా వెళ్లిపోతారు, మరొకరు చాలాసేపు ఉంటారు. అయినా అది సమ్మతమేనన్న ఏకాభిప్రాయాన్ని ఇమామ్ నవవీ (రహ్మ) పేర్కొన్నారు.

ఇటీవలి కాలపు పండితులలో షేఖ్ ఇబ్ను ఉసైమీన్ (రహ్మ) కడుపునిండా తినే భోజనాన్ని కూడా ఈ కోవలోనే మన్నించవచ్చన్నారు. మనిషి ఒక పూట తినే భోజనం ఎంతో సుమారుగా అందరికీ తెలిసినదే గదా అన్నది ఆయన వాదం. ఐతే తాను మామూలు కంటే బాగా ఎక్కువ తినేవాడినని ఎరిగినవాడు ఆ సంగతి హోటల్ యజమానికి ముందే చెప్పాలని కూడా అన్నారు. కట్టిన డబ్బు రాబట్టుకోవాలని పళ్లెం మీద పళ్లెం నింపుకునే మనకు ఈ మాట ఒక హెచ్చరిక. కడుపులో మూడో వంతు అన్నానికి, మూడో వంతు నీటికి, మూడో వంతు శ్వాసకు అన్న తిర్మిజీ హదీసులోని బోధ బఫే బల్ల ముందు రద్దు కాదు. పథకం కట్టాం గదా అని తినలేనిది వడ్డించుకొని పారవేస్తే, డబ్బు దుబారాకు తోడు అన్నం దుబారా కూడా జరిగినట్లే. పోయిన డబ్బు అధికంగా తిన్నందువల్ల తిరిగి రాదు. మర్నాడు కడుపునొప్పికి మందు ఖర్చు మాత్రం రావచ్చు.

సముద్రాల ఆవల కూడా ఇదే లెక్క

మన ప్రాంతం నుంచి అమెరికా వెళ్లి స్థిరపడ్డ కుటుంబాలు, వారిని చూడటానికి వెళ్లే పెద్దలు ఫ్లోరిడాలోని వాల్ట్ డిస్నీ వరల్డ్‌కు వెళ్లటం పరిపాటి. అక్కడి భోజన పథకం 2020లో కరోనా కాలంలో ఆగి, 2024 జనవరిలో మళ్లీ మొదలైంది. అప్పటి చిన్న పథకం ధర రాత్రికి పెద్దలకు 57.01 డాలర్లు, 3 నుంచి 9 ఏళ్ల పిల్లలకు 23.83 డాలర్లు. భార్యాభర్తలు, ఒక చిన్నబిడ్డ నాలుగు రాత్రులు ఉంటే 551.40 డాలర్లు. బిడ్డకు పదేళ్లు నిండితే పెద్దల ధరే. ఒకే గదిలో ఉన్న మూడేళ్లు పైబడిన వారందరూ, ఉన్నన్ని రాత్రులకూ కొనవలసిందే. నానీకి వద్దు, మిగిలినవారికి చాలు అంటే కుదరదు. వాడకుండా మిగిలిన పూటలు గది ఖాళీచేసిన రోజు అర్ధరాత్రితో రద్దవుతాయి.

మనం ప్రత్యేకంగా గమనించవలసింది మరొకటి ఉంది. 21 ఏళ్లు దాటినవారు భోజనంతోపాటు మద్యాన్ని కూడా ఎంచుకోవచ్చన్న వెసులుబాటు ఆ ధరలోనే కలిసి ఉంది. పథకం లాభసాటి అని చూపే లెక్కల్లో ఆ పానీయపు ధర కూడా చేరుతుంది. దానిని ముట్టని మనకు ఆ లాభం లేదు. నీళ్లో, పండ్లరసమో తీసుకొని అందరితో సమానంగా డబ్బు కడతాం. ఎక్కడి పథకమైనా మన బల్ల మీదికి రానిదాని విలువను ముందు తీసివేసి, మిగిలినదాన్ని ధరతో పోల్చటమే సరైన పద్ధతి.

వేళ, నమాజు, ఇంటి వంట

భోజన కూపనుకు తరచు ఒక వేళ, ఒక హోటలు నిర్ణయించి ఉంటాయి. ఆ వేళ దాదాపు ఎప్పుడూ జుహ్ర్ వేళతో కలుస్తుంది. బందరు నుంచి హైదరాబాదు వెళ్లినవారు ముసాఫిర్లు గనుక జుహ్ర్ రెండు రకాతులే అయినా, వుజూకు, చోటు వెతుక్కోవటానికి సమయం కావాలి. విశాలమైన పార్కులో పిల్లలతో ఒక చివర నుంచి మరో చివరకు నడిచేసరికి కూపను వేళ దాటిపోవచ్చు. విడిగా కొనుక్కునేవారికి ఈ తొందర ఉండదు. నమాజు ముగించుకొని దగ్గరలో దొరికినచోట తింటారు.

పార్కులు సాధారణంగా బయటి ఆహారాన్ని అనుమతించవు. సినిమా హాళ్ల విషయంలో సుప్రీంకోర్టు 2023 జనవరి 3న ఇచ్చిన తీర్పు యాజమాన్యాలకు ఆ హక్కును గుర్తిస్తూనే, ఉచితంగా మంచినీరు అందించాలనీ, పసిపిల్లల కోసం తల్లిదండ్రులు తెచ్చుకునే ఆహారాన్ని అడ్డుకోరాదనీ పేర్కొంది. అది హాళ్లకు సంబంధించినదే అయినా, చంటిబిడ్డ పాలు, దాదీ మధుమేహపు ఆహారం గురించి పార్కువారిని ముందుగా అడగటానికి ఎవరూ మొహమాటపడనక్కరలేదు.

గేటు బయట మాత్రం మన వంటకు అడ్డు లేదు. రాత్రి బయలుదేరేటప్పుడు పులిహోర, చపాతీలు, ఖీమా, కొన్ని బందరు లడ్డూలు సర్దుకుంటే ఉదయపు ఆకలి గేటు ముందే తీరుతుంది. సాయంత్రం బయటికి వచ్చాక హైదరాబాదులో హలాల్ భోజనానికి కొదవలేదు. అప్పుడు పార్కు లోపల కొనవలసింది ఒక్క పూట భోజనమే. ఒక్క పూటకు పథకం అరుదుగా లాభిస్తుంది.

కొనేముందు అడగవలసినవి

పథకంలో ఏయే పదార్థాలు, ఎన్ని పూటలు, ఎన్ని గంటల నుంచి ఎన్ని గంటల వరకు? పిల్లల ధర వయసును బట్టా, ఎత్తును బట్టా? కుటుంబంలో కొందరికే తీసుకోవచ్చా? బిడ్డకు జ్వరం వచ్చి ప్రయాణం ఆగిపోతే భోజనపు డబ్బు తిరిగి వస్తుందా, తేదీ మార్చుకోవచ్చా? పన్నులు ధరలో కలిసినవేనా? గేటు దగ్గర కూడా ఇదే ధరకు దొరుకుతుందా? చివరి ప్రశ్నకు అవునని జవాబు వస్తే ముందే కొనవలసిన అవసరమే లేదు. చెప్పినదొకటి, ఇచ్చినదొకటి అయితే రసీదు దగ్గర పెట్టుకొని జాతీయ వినియోగదారుల సహాయ కేంద్రం 1915 నంబరుకు ఫిర్యాదు చేయవచ్చు.

మొత్తం మీద మేము చెప్పేది ఇంతే. అందరూ బాగా తినే వయసువారై, రెండు మూడు పూటలు లోపలే గడిపేవారై, హలాల్ సంగతి ముందే తేలిపోయి ఉంటే పథకం కొనటం తెలివైన పనే. ఇంట్లో వృద్ధులు, చిన్నపిల్లలు ఉండి, ఒక పూటే లోపల తినేవారైతే విడిగా కొనుక్కోవటమే మేలు. ఇద్దరి ఆహారం ముగ్గురికి, ముగ్గురి ఆహారం నలుగురికి సరిపోతుందని ప్రవక్త (స) బోధించారు. తలకొక కూపను చొప్పున అమ్మే పథకంలో ఈ పంచుకోవటానికి చోటుండదు. టికెట్టు కొనే ముందు ఒక కాగితం తీసుకొని, మన ఇంట్లో ఎవరు ఏమి తింటారో పిల్లలచేతనే రాయించి, కూడిక వేయించండి. మిగిలిన సొమ్ముతో వారు ఏమి చేయాలనుకుంటున్నారో కూడా అడగండి. అందులో కొంత సదఖాకు తీద్దామని వారే అనవచ్చు.