మీకు తెలుసా? గెలిచాక మొదలయ్యే కేసు

భారతదేశంలో కక్షిదారుడి కష్టాలు డిక్రీ చేతికొచ్చాకే మొదలవుతాయని లండన్‌లోని ప్రివీ కౌన్సిల్ 1872లోనే అంది, దర్భంగా రాజ్ ఎస్టేటు కేసులో. పొలం మీదే అని కోర్టు చెప్పడం ఒక ఎత్తు, ఆ పొలంలో మీరు నాగలి దించడం మరో ఎత్తు. ఈ రెంటి మధ్య దారి పేరు ఎగ్జిక్యూషన్ పిటిషన్. కోర్టు ఆవరణలో అందరూ ‘ఈపీ’ అనేది దాన్నే. 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో 21వ ఆర్డరు అంతా ఈ దారి గురించే. అందులో 106 రూల్స్ ఉన్నాయి.

అప్పీలు వేస్తే తీర్పు ఆగదు
‘పైకోర్టుకు వెళ్లాం, ఇక మమ్మల్ని కదిలించలేరు’ అని ఓడినవాళ్లు ధీమాగా అంటుంటారు. అప్పీలు దాఖలైనంత మాత్రాన అమలు ఆగిపోదు. పైకోర్టు విడిగా స్టే ఇస్తేనే ఆగుతుంది.

భాగాల కేసులో డిక్రీలు రెండు
అన్నదమ్ముల పంపకం దావాలో ముందు వచ్చేది ప్రిలిమినరీ డిక్రీ. ఎవరి వాటా ఎంతో అది చెబుతుంది. ఏ చెక్క ఎవరిదో చెప్పదు. కోర్టు కమిషనర్ వచ్చి కొలిచి, హద్దులు తేల్చి, ఫైనల్ డిక్రీ అయ్యాకే ఈపీ. వాటా తేలిందన్న సంతోషంలో చాలామంది మొదటి మెట్టు మీదే ఆగిపోతారు. కక్షిదారు మరో దరఖాస్తు పెట్టేదాకా చూడకుండా కోర్టులే ఫైనల్ డిక్రీ వైపు నడవాలని 2022లో సుప్రీంకోర్టు చెప్పింది.

గడువులు మూడు రకాలు
స్వాధీనం డిక్రీ అమలుకు 12 ఏళ్ల గడువు. కట్టిన గోడ కూల్చాలన్నట్టు ఒక పని చేసి తీరాలనే మాండేటరీ ఇంజంక్షన్‌కు మూడేళ్లే. నా స్థలంలోకి రావద్దనే శాశ్వత ఇంజంక్షన్‌కు మాత్రం గడువే లేదు. పక్కవాడు ఎన్నేళ్ల తర్వాత గట్టు దాటినా ఈపీ వేయొచ్చు.

సంతకం కోర్టే పెడుతుంది
అమ్ముతానని అగ్రిమెంటు రాసిచ్చినాయన, డిక్రీ వచ్చాక కూడా రిజిస్ట్రేషన్‌కు రానని భీష్మించుకున్నాడనుకోండి. దస్తావేజు ముసాయిదా కోర్టు ముందు పెట్టొచ్చు. ఆయన తరఫున కోర్టు లేదా అది నియమించిన అధికారి సంతకం చేస్తారు. ఆ దస్తావేజు ఆయన స్వయంగా రాసిచ్చిన దానితో సమానం.

తాళం పగలగొట్టొచ్చు, మర్యాద తప్పకూడదు
స్వాధీనం ఇప్పించే డెలివరీ వారెంటుతో వచ్చిన కోర్టు అమీనా, లోపలివాళ్లు తలుపు తీయకపోతే తాళం పగలగొట్టొచ్చు. అయితే ముందు హెచ్చరించాలి. లోపల గోషా ఆచారం ఉన్న స్త్రీలుంటే బయటికి వెళ్లేందుకు వీలు కల్పించాలి. ఆ తర్వాతే గడియ మీద చెయ్యి.

చట్టంలో టముకు
గెలిచిన ఇంట్లో ఖాళీ చేయాల్సిన అవసరం లేని అద్దెదారు ఉన్నాడనుకోండి. అతన్ని వెళ్లగొట్టకుండానే స్వాధీనం ఎలా ఇవ్వాలి? వారెంటు నకలు అందరికీ కనిపించేచోట అంటించి, టముకు వేయించో, ఊళ్లో వాడుకగా ఉన్న మరో పద్ధతిలోనో డిక్రీ సారాంశం చాటించాలి. వాట్సాప్ రోజుల్లోనూ ఆ రూల్ అలాగే ఉంది.

మధ్యలో కొన్నవాడికి అడ్డుపడే హక్కు లేదు
దావా నడుస్తుండగా ప్రతివాది దగ్గర కొన్న మనిషి, ‘నేను డబ్బు పోసి కొన్నాను’ అంటూ అమీనాకు అడ్డం నిలబడితే అది చెల్లదు. నిజంగా స్వతంత్ర హక్కున్న మూడో మనిషి అడ్డు చెబితే మాత్రం వినాల్సిందే. అయితే దానికి కొత్త దావా వేయనక్కర్లేదు, ఈపీ నడిపే కోర్టే తేలుస్తుంది. హక్కు లేదని తేలాక కూడా ఓడినవాడో అతను ఉసిగొల్పినవాడో మళ్లీ అడ్డుపడితే 30 రోజుల వరకు సివిల్ జైలులో పెట్టొచ్చు.

ఆరు నెలలు ఎక్కడ, ఈ లెక్క ఎక్కడ!
ఈపీలు ఆరు నెలల్లో ముగించాలని 2021లో సుప్రీంకోర్టు ఆదేశించింది. 2025 అక్టోబరులో అదే కోర్టు ముందుకు దేశం లెక్క వచ్చింది: పెండింగు ఈపీలు 8.82 లక్షలకు పైగా. ఒక్క ఆంధ్రప్రదేశ్‌లోనే 68 వేలు దాటాయి. ఈ లెక్క తీయించింది తమిళనాడు నుంచి వచ్చిన ఒక భూమి కేసు. అగ్రిమెంటు 1980 నాటిది. డిక్రీ ఎప్పుడో వచ్చినా, అమ్మినవారి బంధువులు కౌలుదార్లమంటూ అడ్డం తిరిగారు. వాళ్ల మాట చెల్లదని సుప్రీంకోర్టు తేల్చేసరికి 2025 మార్చి వచ్చింది. అగ్రిమెంటు నాడు పుట్టిన బిడ్డకు అప్పటికి 45వ ఏడు నడుస్తూ ఉంటుంది.