మీకు తెలుసా? భానుమతి నటి మాత్రమే కాదు

• తెలుగులో తొలి మహిళా దర్శకురాలు భానుమతీ రామకృష్ణ. ఆ సినిమా ‘చండీరాణి’ (1953). ఇంతవరకూ చాలామందికి తెలుసు. కానీ ఆ ఒక్క సినిమాకి ఆవిడ ఎంత బరువు మోశారో తలుచుకుంటే ఇప్పటికీ ఒళ్లు జలదరిస్తుంది. కథ ఆవిడదే. తీసింది సొంత సంస్థ భరణీ పిక్చర్స్. కోటలో పెరిగిన చంప, అడవిలో పెరిగిన చండి ఇద్దరూ ఆవిడే. ఎన్టీఆర్‌కీ, ఎస్వీ రంగారావుకీ సన్నివేశం వివరించాలి, వేషం వేసుకొచ్చి వాళ్ల ఎదుట నటించాలి, మళ్లీ కెమెరా వెనక్కి పరుగెత్తాలి. ఇదంతా తెలుగు, తమిళం, హిందీ మూడు భాషల్లోనూ! అప్పటికి ఆవిడకు ముప్పై ఏళ్లు నిండలేదు.

• ఇంట్లో దర్శకుడు లేక మెగాఫోన్ పట్టుకోలేదు. భర్త పి.ఎస్. రామకృష్ణారావు పేరున్న దర్శకుడు, భరణీ వారి చాలా సినిమాలు ఆయన తీసినవే. ‘కృష్ణప్రేమ’కు ఆయన అసిస్టెంట్ డైరెక్టర్‌గా ఉన్నప్పుడు పరిచయమై, 1943లో పెళ్లి చేసుకున్నారు. సంస్థ పేరులోని ‘భరణి’ వాళ్ల అబ్బాయి పేరే.

• మొదటి సినిమా 1939లో సి. పుల్లయ్య తీసిన ‘వరవిక్రయం’. కట్నాల మీద కాళ్లకూరి నారాయణరావు రాసిన నాటకం అది. కాళింది వేషం వేసేనాటికి భానుమతి ఇంకా చిన్నపిల్లే.

• ప్లేబ్యాక్ పద్ధతి స్థిరపడి, తోటి హీరోయిన్లలో చాలామందికి వేరే గాయనులు పాడుతున్న రోజుల్లోనూ ఆవిడ తన పాటలు తానే పాడుకున్నారు. అంతటితో ఆగలేదు, ‘చక్రపాణి’ (1954)కి సంగీత దర్శకత్వమూ వహించారు. ఆ పాటల్ని ఇంట్లో పాడుకునేవాళ్లలో కూడా బాణీలు భానుమతివని తెలిసినవాళ్లు తక్కువ. ఇది నాకు నిజంగా బాధ కలిగించే సంగతి.

• ‘మిస్సమ్మ’ (1955)లో టైటిల్ పాత్ర ముందు భానుమతిదే. కొంత షూటింగ్ అయ్యాక నిర్మాతతో పొసగక వదులుకున్నారు. ఆ పాత్ర సావిత్రికి దక్కింది. నిర్మాత ముందు తల వంచకుండా ఉండగలిగారంటే, సొంత సంస్థ ఉందన్న ధైర్యం కూడా ఒక కారణమై ఉంటుందని నా నమ్మకం.

• ఆవిడ రాసిన ‘అత్తగారి కథలు’ తెలుగు హాస్యంలో స్థిరంగా నిలిచిపోయాయి. తర్వాత మద్రాసు ప్రభుత్వ సంగీత కళాశాలకు ప్రిన్సిపాల్‌గానూ పనిచేశారు.

• దర్శకత్వం మీద మమకారం మాత్రం పోలేదు. యాభై ఏళ్లు దాటాక, 1982లో, పిల్లల్నే నటులుగా పెట్టి ‘భక్త ధ్రువ మార్కండేయ’ తీశారు.