గుర్రాలశాల తమ్ముడికి, మైకు అక్కకి

మా అనంతపురం వైపు వానతో పందెమాడి వేరుశనగ వేసే రైతులున్నారు గానీ, గుర్రప్పందేలు లేవు. అవి చూడాలంటే బెంగుళూరు పోవాలి. 'రేసులకెళ్లి ఆస్తి తగలేశాడు' అని చెప్పుకోవడమే తప్ప, అందులో ఆడవాళ్లకో ఉద్యోగం ఉంటుందని మనమెవరం అనుకుంటాం? బ్రిటన్‌లో క్లేర్ బాల్డింగ్‌కి మాత్రం ఆ పందేలను టీవీలో చూపించడమే ఉద్యోగమైంది.

ఆవిడ 1971లో పుట్టింది. తండ్రి ఇయాన్ బాల్డింగ్ పేరున్న ట్రైనరు. ఎలిజబెత్ రాణిగారి గుర్రాలు కూడా ఆయన దగ్గర తయారయ్యేవి. గుర్రాల మధ్య పెరిగిన ఈ పిల్ల 1990లో ఔత్సాహిక మహిళా జాకీల్లో ఛాంపియనైంది. కేంబ్రిడ్జిలో ఇంగ్లీషు చదివి, 1994లో బీబీసీలో ట్రైనీగా చేరింది. 1997 చివర్లో జూలియన్ విల్సన్ రిటైరయ్యాక రేసులకి ప్రధాన యాంకరైంది.

ఇదేమంత గొప్ప అనకండి. ఆ దేశంలో 1966 దాకా ఆడవాళ్లకి ట్రైనరు లైసెన్సే ఇచ్చేవారు కాదు. ఫ్లోరెన్స్ నేగిల్ అనే ఆవిడ గుర్రాలకి తానే శిక్షణ ఇస్తూ, లైసెన్సు మాత్రం తన శాలలో పనిచేసే మగమనిషి పేరున ఉంచాల్సి వచ్చింది. ఆవిడ కోర్టుకెక్కితే గానీ జాకీ క్లబ్బు దిగిరాలేదు.

డెర్బీలో పరుగు రెండున్నర నిమిషాలే. ప్రసారమేమో గంటల తరబడి! ఏ గుర్రం బెదురుతోంది, దేనికి చెమటలు పడుతున్నాయి, దాని తల్లి ఏ పందెం గెలిచింది... చెవిలో డైరెక్టరు మాట్లాడుతున్నా యాంకరు తడబడకుండా చెబుతూనే ఉండాలి. ఈ చదువు శాలలో పెరిగితేనే వస్తుంది. నోరు జారడమూ ఉందిలెండి. 2009లో గ్రాండ్ నేషనల్ గెలిచిన జాకీ లియామ్ ట్రెడ్‌వెల్‌ని పట్టుకుని, ఆ సంబరంలో పళ్ల గురించి అడిగింది. నాకైతే అది అస్సలు నచ్చలేదు. తర్వాత క్షమాపణ చెప్పుకుంది.

2003లో తండ్రి శాల తమ్ముడు ఆండ్రూ చేతికొచ్చింది. ఆ జూన్‌లోనే అతని గుర్రం క్యాజువల్ లుక్, మూడేళ్ల ఆడగుర్రాలు మాత్రమే పరుగెత్తే ఓక్స్ పందెం గెలిచింది. ఇంటర్వ్యూ చెయ్యాల్సిన యాంకరు అక్కే! ఇద్దరికీ కన్నీళ్లు ఆగలేదు. లైవులో అందరూ చూశారు. పొలం కొడుక్కి, చదువు కూతురికి అనే మన ఇళ్లే నాకు గుర్తొచ్చాయి.

2012 తర్వాత బీబీసీ రేసులు మానేస్తే క్లేర్ ఛానెల్ 4కి మారింది. 2017లో ప్రసారం ఐటీవీకి వెళ్లింది. అక్కడ తెర మీదకొచ్చిన ఫ్రాన్సెస్కా కుమానీ కూడా ట్రైనరు కూతురే. సోదరుడు మ్యాట్ ఆస్ట్రేలియాలో ట్రైనరయ్యాడు.